మడమ గుంటలు

ఆ పురుగుకి కరణంగారని పేరు పెట్టింది నేనే. పుస్తకాల్లో దానికి ఇంకేదో పేరుందట, పలకబోతే నాలుక ముడిపడిపోతుంది. నేను చదివింది ఆరో తరగతి. ఏడులోకి వెళ్ళకపోవడం నా తెలివి తక్కువై కాదు, లెక్కల మేష్టారి అన్నం కేరేజీలో బతికున్న పీతని పెట్టడం వల్ల.

మా కొత్తదిబ్బలపాలెంలో సముద్రానికీ ఇళ్ళకీ మధ్య ఒక ఇసుకదిబ్బ ఉంది. ఈ చివర నిలబడి గట్టిగా అరిస్తే ఆ చివరకి వినపడుతుంది, అంతే పొడుగు. ఆ దిబ్బ మీద తప్ప లోకంలో మరెక్కడా కరణంగారు లేడు. వేలిగోరంత ఉంటాడు. కంచు రంగు వీపు, దాని మీద రెండు తెల్ల చారలు. నాలుగడుగులు పరిగెత్తుతాడు, ఠక్కున ఆగుతాడు, అటూ ఇటూ చూస్తాడు, మళ్ళీ నాలుగడుగులు. భూమి కొలవడానికొచ్చిన పాతకాలం కరణం నడకే అది. పరిగెత్తేటప్పుడు వాడికి కళ్ళు కనపడవట, అందుకని ఆగి చూసుకుంటాడట. ఈ సంగతి చెప్పింది మా అక్క కూతురు నూకరత్నం.

"అచ్చం మీ అత్త బజారుకెల్లినట్టేనే" అన్నాను.

మా ఆవిడ కొర్లమ్మ నెత్తి మీది చేపల గంప కిందికి దించి మరీ తిట్టింది.

రత్నం డాక్టరు. మనుషుల డాక్టరు కాదు, పురుగుల డాక్టరు. నాకు దగ్గొస్తే "తగ్గిపోద్దిలే మావా" అంటుంది. కరణంగారు ఒక పూట తిండి మానేస్తే తనూ మానేస్తుంది. మూడేళ్ళ కిందట మా ఊరి తుఫాను షెల్టరులోకి సామాను దింపుకుని, అందులో తన పెట్టె కట్టింది. మా పడవంత పొడుగు, రెండు గదులంత వెడల్పు, అన్నివైపులా అద్దాలు. పేరు దిబ్బపెట్టె.

మొదటిరోజు నన్ను లోపలికి తీసుకెళ్ళింది. బయట ముసురు పట్టి వాన. లోపల కాళ్ళకింద ఇసుక కాలిపోతోంది.

"ఇదేటే, ఎండ కూడా కొనుక్కొచ్చినావా?"

"నిన్నటి ఎండ మావా. దాచిపెట్టాను." అంటూ ఏదో తిప్పింది. ఎండ వాలింది, ఉప్పుగాలి వీచింది, నా మెడ మీద చల్లగా మంచు కురిసింది. దిబ్బ మీద పదడుగులకొక సూది నాటిందట. అక్కడ ఎంత వేడి, ఎంత తడి, గాలి ఎటునుంచి, అన్నీ ఆ సూదులు పసిగట్టి పెట్టెకి చెబుతాయి. దిబ్బ మీద ఇవాళ మబ్బు కమ్మితే పెట్టెలో రేపు నీడ పడుతుంది. ఇసుకలో రేణువు పక్కన రేణువు ఎలా ఉందో అలాగే పేర్చే యంత్రం కూడా పెట్టింది.

"దిబ్బకేదైనా అయితే కరణంగారికి ఇంకో ఇల్లుండాలి కదా" అంది.

దిబ్బకి ఏమవుతుందో మా అందరికీ తెలుసు. ఓడరేవు కట్టేవాళ్ళకి ఆ దిబ్బ కావాలి, దాని వెనకాల మా ఇళ్ళూ కావాలి. అడ్డం పడింది వేలిగోరంత కరణంగారు. లోకంలో ఒక్కచోటే ఉండే ప్రాణి ఇంటిని కదపకూడదని కొత్తగా చట్టం వచ్చింది. చట్టంలో ఒక కిటికీ కూడా పెట్టారు. ఆ ప్రాణి పెట్టెలో పిల్లల్ని కంటే, ఇల్లు మారినట్టే లెక్క. అప్పుడు పాత ఇంటిని ఏమైనా చేసుకోవచ్చు.

ఓడరేవు తరఫున శశిధర్‌గారని ఒక అధికారి వచ్చేవాడు. మంచి మాటకారి. మొదటిసారి వచ్చినప్పుడు ఇంటింటికీ మోకాళ్ళ దాకా వచ్చే రబ్బరు బూట్లు పంచాడు. ఇసుకలో పుట్టి పెరిగిన మాకు బూట్లెందుకు? కొర్లమ్మ ఒక దాంట్లో కరివేపాకు మొక్క నాటింది. రెండోదాంట్లో నేను రొయ్యపొట్టు దాచుకున్నాను.

రెండోసారి మమ్మల్ని బస్సెక్కించి ఊరుపెట్టె చూపించడానికి తీసుకెళ్ళాడు. సముద్రానికి నలభై కిలోమీటర్ల లోపల, పెద్ద రోడ్డు పక్కన, ఒక గాజుగోపురం. కింద వరసగా ఇళ్ళు. గోడల్లోంచి అలల చప్పుడు, గొట్టాల్లోంచి ఉప్పుగాలి.

"మీ ఊరు ఎలా ఉందో అలాగే ఉంటుంది దానయ్యగారూ. తుఫాను మాత్రం రాదు" అన్నాడు.

మా వాళ్ళలో కొందరి మొహాలు మెత్తబడ్డాయి. నిజం చెప్పొద్దూ, నాదీ కాస్త మెత్తబడింది. కొర్లమ్మ మాత్రం ఒక గోడకి చెవి ఆనించి కదలకుండా నిలబడింది. టీలు తాగడం అయింది, బిస్కెట్లు అయ్యాయి, ఆవిడ చెవి తీయలేదు. చివరికి చెప్పింది:

"బాబూ, ఈ సముద్రం సెప్పిందే సెప్తంది. ఏడో అల తరవాత ఒక సిన్నల తడబడతాది సూడు, ఇది మూడోపాలి. బతికున్న సముద్రం ఒక్కమాట రెండుసార్లు అనదు."

శశిధర్‌గారు నవ్వి రాసుకున్నాడు. బస్సు ఎక్కేటప్పుడు నాతో మెల్లగా అన్నాడు: "చూడండి, అంత సున్నితమైన పురుగే పెట్టెకి ఒప్పుకుంటే, మనుషులు ఒప్పుకోరా?"

అప్పుడు అర్థమైంది. కరణంగారి పెట్టె మా పెట్టెకి నమూనా.

తిరిగొచ్చాక రత్నాన్ని నిలదీశాను. "నీకు ముందే తెలుసేటే?"

"తెలుసు."

"తెలిసే సేస్తన్నావా?"

"మావా, నాకు ఎనిమిదేళ్ళప్పుడు నాన్న కోసం ఈ దిబ్బ మీదే కూర్చున్నాను. మూడు రోజులు కూర్చున్నాను. తెప్ప వచ్చింది, నాన్న రాలేదు. నాన్నని మింగిన నీళ్ళ పక్కనే మీరంతా పడుకుని గురక పెడతన్నారు. పురుగూ బతకాలి, మీరూ బతకాలి. నాకు ఇంకేమీ అక్కర్లేదు."

నేను షెల్టరు తలుపు దగ్గరికి వేసి బయటికొచ్చాను.

అయితే పెట్టెలో కరణంగారి సంసారం ముందుకి సాగలేదు. ముప్పై జంటల్ని వదిలింది. తిన్నాయి, పరిగెత్తాయి, జత కట్టాయి. గుడ్లు మాత్రం పెట్టలేదు. రత్నం ఎండ మార్చింది, మంచు పెంచింది, ఉప్పు తగ్గించింది. బుగ్గలు పీక్కుపోయాయి.

మా పని మాది. ఒకప్పుడు మా ఊళ్ళో ఆరు పెద్దవలలుండేవి. ఇప్పుడు మోటారు పడవలొచ్చాక ఒక్కటే మిగిలింది, అదీ మాది. పద్నాలుగు మందిమి, అందులో పళ్ళున్నవాళ్ళం తొమ్మిదిమంది. తెప్ప మీద వెళ్ళి వలని సముద్రంలో అర్ధచంద్రంలా పరిచొస్తాం. తరవాత రెండు కొసల తాళ్ళూ పట్టుకుని ఒడ్డు మీంచి లాగుతాం. చేతుల్తో లాగితే సముద్రం నవ్వుతుంది. నడుముకి తాడు బిగించి, వెనక్కి వాలి, మడమలు ఇసుకలో దించి, ఒక్కొక్క అడుగే వెనక్కి వేస్తూ దిబ్బ మీది దాకా పోవాలి. పైకి చేరినవాడు తాడు వదిలి కిందికొచ్చి మళ్ళీ పట్టుకోవాలి. వల ఒడ్డు చేరేసరికి దిబ్బ వాలు నిండా మడమ గుంటలే.

ఒక మధ్యాహ్నం బయట వాన. నేను షెల్టరుకి పోయాను. రత్నం లేదు. పెట్టె తలుపు దగ్గరికి వేసి ఉంది. లోపల బంగారంలాంటి ఎండ. ఒళ్ళు ఆరబెట్టుకుందామని దూరాను. కాసేపు పడుకున్నాను. తోచలేదు. మూలనున్న ఇనపస్తంభానికి నా తాడు కట్టి, నడుముకి బిగించి, మడమలు దించి లాగడం మొదలెట్టాను. పెట్టెని ఓడరేవులోకి లాక్కుపోతున్నట్టు కేకలు కూడా పెట్టాను.

"మావా! ఏటి సేస్తన్నావు?"

తలుపు దగ్గర రత్నం. కోపమొస్తే దానికి ఊరి యాస వచ్చేస్తుంది.

"నీ పెట్టెని సముద్రంలో కలిపేస్తన్నానే. కదలట్లేదు, కాస్త సెయ్యెయ్యి."

నెల రోజులుగా నవ్వని పిల్ల పొట్ట పట్టుకుని నవ్వింది. తరవాత ఇసుక చూసి నెత్తి కొట్టుకుంది. చదునుచేసే చెక్క తీసుకుంది గానీ, అప్పటికే రెండు కరణంగార్లు గుంటల్లోకి దిగాయి. నలుగుతాయని వదిలేసింది.

పదిహేను రోజులకి ఆ పిల్ల కేక ఊరంతా వినపడింది. నేను లగెత్తుకుంటూ వెళ్ళాను. పెట్టెలో, ఇసుకలో, పెన్సిలు మొనంత గుండ్రటి కన్నాలు. పన్నెండు. ఒక్కొక్క కన్నం నోట్లో మూత బిగించినట్టు చదునుగా ఒక తల.

"పిల్లలు మావా! కరణంగారి పిల్లలు! మంచు సరిపోయింది, నేను చెప్పలా?"

నేను వంగి చూశాను.

"ఇది పోచపురుగు కదే!"

చిన్నప్పుడు మేమంతా ఆడిన ఆట అది. కన్నంలోకి గడ్డిపోచ దించితే కసుక్కున పట్టుకుంటుంది, చటుక్కున పైకి లాగాలి. ఎవడెక్కువ లాగితే వాడు గొప్ప. అరవై ఏళ్ళుగా ఊరు ఊరంతా పోచపురుగు వేరు, కరణంగారు వేరు అనుకున్నాం. తల్లినీ పిల్లనీ రోజూ చూస్తూ, వాటికి చుట్టరికం ఉందని మాలో ఒక్కడికీ తట్టలేదు. పట్నం హాస్టల్లో పెరిగిన రత్నం ఆ ఆట ఆడలేదు కాబట్టి దానికి చెప్పినవాడూ లేడు.

పోచపురుగు కోసం మేం ఎక్కడ వెతికేవాళ్ళమో కూడా గుర్తొచ్చింది. వల లాగిన చోట, మడమ గుంటల గోడల్లో. పెట్టెలో పన్నెండు కన్నాలూ నా గుంటల్లోనే ఉన్నాయి. చదునైన ఇసుకలో ఒక్కటీ లేదు.

నేను చేసిన కోతిపనికి మా ఊరు పోబోతోంది.

సాయంత్రానికి శశిధర్‌గారు మిఠాయి డబ్బాతో దిగాడు. పదిరోజుల్లో గ్రామసభ, కరణంగారి ఇల్లు మారిందని కాగితం చదివేస్తారు, అంతే. నేను ఆ మిఠాయి తినలేదంటే కొర్లమ్మ నాకు జ్వరమేమోనని నుదురు ముట్టుకుంది. అప్పుడు చెప్పేశాను.

ఆవిడ తిట్టలేదు. అందుకే నాకు భయం వేసింది. చేపలు పొలుసు తీస్తూ తల ఎత్తకుండా అంది: "పన్నెండేనా?"

"పన్నెండే."

"నీ కాళ్ళతోటే ఒచ్చినాయి. నీ కాళ్ళతోటే పోతాయి. ఎల్లు."

మర్నాడు మిట్టమధ్యాహ్నం వెళ్ళాను. రత్నం సూదులు సరిచేయడానికి దిబ్బ మీదికి పోయింది. పెట్టెలోకి దిగి మొదటి గుంట దగ్గర నిలబడ్డాను. మడమ ఎత్తాను. నా నీడ పడగానే ఆ తల లోపలికి పోయింది. కదలకుండా నిలబడ్డాను. కాసేపటికి మళ్ళీ పైకొచ్చి, కన్నానికి మూత పెట్టుకుని, నన్ను చూసింది. ఇల్లు దొరికిన ధీమాతో చూసింది.

శశిధర్‌గారు మాకు చేయబోయే పని సరిగ్గా ఇదే కదా. నా కాలు దిగలేదు.

"తొక్కు మావా. ఆగిపోయావేం?"

రత్నం తలుపు దగ్గర నిలబడి ఉంది. మొహం పాలిపోయింది.

"తొక్కలేనే. నా మడమలో పుట్టినాయి."

అక్కడే ఇసుకలో కూర్చోబెట్టి అంతా చెప్పాను. పోచపురుగు, గడ్డిపోచ, ఆరు వలలు, గుంటలు. అది నమ్మలేదు. నా చెయ్యి పట్టుకుని దిబ్బ మీదికి లాక్కెళ్ళింది. ఉత్తరం కొసన మేం వల లాగేచోట గుంటల్లో కన్నాలే కన్నాలు. అక్కణ్ణుంచి దక్షిణానికి నడుస్తూ పోయాం. కన్నాలు తగ్గిపోయాయి. చివర ఒక్కటీ లేదు.

"దక్షిణం కొసన ఎందుకు లేవో మూడేళ్ళుగా వెతుకుతున్నాను" అంది. "ఉప్పు అనుకున్నాను, వేడి అనుకున్నాను. ఇక్కడ ఎవరు లాగేవారు మావా?"

"మీ నాన్న. మీ నాన్న పోయినాక ఆ వల మళ్ళీ దింపలేదు."

అది అక్కడే కూర్చుని, ఆ చదును ఇసుకలో తన మడమ ఒకసారి నొక్కి చూసింది. నేను పక్కన కూర్చున్నాను. తరవాత లేచి, చీరకంటిన ఇసుక కూడా దులుపుకోకుండా వెళ్ళిపోయింది.

గ్రామసభ షెల్టరు ముందే జరిగింది. జిల్లా నుంచి ముగ్గురు పెద్దలొచ్చి కుర్చీల్లో కూర్చున్నారు. శశిధర్‌గారు మైకు సరిచేసి రత్నానికి ఇచ్చాడు. రత్నం కాగితం విప్పింది.

"ఈ పురుగు ఇల్లు అంటే ఏమిటో మూడేళ్ళు తప్పుగా రాశాను. ఇసుక, ఎండ, మంచు, ఉప్పుగాలి అని రాశాను. ఒకటి వదిలేశాను. వల లాగే మనుషుల మడమలు. అవి లేకపోతే ఇది పిల్లల్ని కనదు. కాబట్టి ఈ మనుషులు కూడా దాని ఇంట్లో భాగమే. చట్టం ప్రకారం ఆ ఇంటిని కదపకూడదు."

జనంలో గోల. శశిధర్‌గారు నవ్వాపుకుంటూ లేచాడు. "గుంటే కదా డాక్టరుగారూ? గుంట తవ్వడానికి ఊరు కావాలా? యంత్రం తెప్పిస్తాను."

"తెప్పించు బాబూ" అని వెనకనుంచి అరిచాను. "మడమలు మరిసిపోకుండా రెండు తెప్పించు!"

పెద్దలు నెలరోజులు గడువిచ్చారు. యంత్రం వచ్చింది. ఇనపకాళ్ళు, వాటికి రబ్బరు మడమలు. పెట్టెలో రోజుకి మూడొందల గుంటలు పొడిచింది, ఇడ్లీ రేకులో గుంటల్లా అన్నీ ఒక్కలా. కరణంగారు వచ్చాడు, ఆగాడు, చూశాడు, పోయాడు. ఒక్క గుడ్డు లేదు.

ఎందుకలా అయిందో చెప్పడానికి రత్నం పెద్దలకి నా గుంట కోసి చూపించింది. వెనక్కి వాలి లాగేవాడి మడమ ఏటవాలుగా దిగుతుంది. అల వెనక్కి గుంజినప్పుడల్లా ఇంకాస్త నొక్కుకుంటుంది. ఒకవైపు గోడ పెంకులా గట్టిపడి తడి పట్టి ఉంచుతుంది, రెండోవైపు వదులుగా రాలుతుంది. గట్టి గోడలో గుడ్డు, వదులు ఇసుకలో దాక్కోవడం. ఆరోజు పెట్టెలో నాకు అల లేదు గానీ, వచ్చినట్టు ఊహించుకుని ఒకసారి గట్టిగా, ఒకసారి మెల్లగా గుంజాను. యాభై ఏళ్ళ అలవాటు, ఒళ్ళు దానంతట అదే ఆడింది.

శశిధర్‌గారు తెలివైనవాడు. నేరుగా మా ఇంటికొచ్చి అరుగు మీద కూర్చున్నాడు. "దానయ్యగారూ, గొడవెందుకు. ఊరుపెట్టె పక్కనే దిబ్బపెట్టె పెడతాం. మీ పద్నాలుగు మందీ వారానికొకసారి వచ్చి కాసేపు తాడు లాగండి. హాయిగా, వాన తగలకుండా."

కొర్లమ్మ గుమ్మంలోంచి అంది: "ఆ తాడుకి రెండో కొసనేటి కడతారు బాబూ?"

"స్తంభానికి కడతాం అమ్మా."

"స్తంభం సేపలిస్తాదా?"

నేను మాత్రం వినయంగా చేతులు కట్టుకున్నాను. "తప్పకుండా బాబూ. ఎల్లుండి పెద్దల ముందే లాగి సూపిస్తాం."

ఎల్లుండి పద్నాలుగు మందిమీ వచ్చాం. పెద్దలు లేచి నిలబడ్డారు. శశిధర్‌గారు స్వయంగా పెట్టె తలుపు తీశాడు. మేం వరసగా లోపలికి దిగాం, టపక్ టపక్ మని. అందరి కాళ్ళకీ మోకాళ్ళ దాకా రబ్బరు బూట్లు. నా ఒక బూటులోంచి రొయ్యపొట్టు కంపు, రెండోదాంట్లోంచి కొర్లమ్మ కరివేపాకు మట్టి.

"బూట్లు విప్పండి!" అన్నాడు శశిధర్‌గారు.

"మీరిచ్చినవే కదా బాబూ. ముచ్చటగా ఏసుకున్నాం."

"దానయ్యగారూ, విప్పండి."

నేను అద్దంలోంచి బయట నిలబడ్డ పెద్దల్ని చూసి, గట్టిగా చెప్పాను. "విప్పం బాబూ. ఈ పెట్టెలో మా మడమ ఆనదు. నవ్వులాటకి ఒక్కపాలి ఆనింది, సాలు. మా మడమ కావాలంటే దిబ్బ మీదికి రండి, పొద్దున్నే లాగుతాం. అక్కడ ఎంత కావాలంటే అంత, ఊరికే."

ముగ్గురు పెద్దల్లో నడి వయసావిడ ఒకరు మొహానికి కాగితం అడ్డం పెట్టుకుంది. భుజాలు కదులుతుంటే నవ్వుతోందని తెలిసింది. ఆవిడే రాసింది, ఈ ఏటికి ఇల్లు మారినట్టు కాదని. పెట్టెలో పుట్టిన పన్నెండింటినీ దిబ్బకి తిరిగి చేర్చాలని. వచ్చే ఏడు మళ్ళీ చూస్తారట.

పెట్టెకి డబ్బు ఓడరేవువాళ్ళదే, రత్నం ఉద్యోగం పోయింది. పెట్టె ముక్కలై లారీ ఎక్కుతుంటే అది నిలబడి చూసింది. మూడేళ్ళ కష్టం కదా.

"ఏడుపొస్తే ఏడువే" అన్నాను.

"ఏడుపు కాదు మావా. వచ్చే ఏడు ఇంకా మంచి యంత్రం తెస్తారు. అల లాగే మడమ కూడా చేస్తారు."

"సెయ్యనీ. మనం ఇంకో వల దింపుతాం."

అలా అనేశాను గానీ వల ఎక్కడిది? వారం తరవాత మా అక్క అటకెక్కి ఒక మూట కిందికి తోసింది. బావ వల. సగం ఎలకలు కొట్టేశాయి. ఊళ్ళో ఆడవాళ్ళంతా కూర్చుని నెలపాటు అల్లారు. ఊరుపెట్టెకి మొహాలు మెత్తబడ్డవాళ్ళే ముందొచ్చి కూర్చున్నారు.

మొన్న పొద్దున్న దక్షిణం కొసన పాతికేళ్ళకి మళ్ళీ వల దిగింది. సముద్రం మామూలుగా లేదు, మోటుగా ఉంది. తెప్ప తిరిగి ఒడ్డుకి తగిలేదాకా రత్నం ఊపిరి తీసుకోలేదు. తగిలాక చెప్పులు విడిచి, కొంగు బిగించి, తాడు నడుముకి చుట్టుకుని, వాళ్ళ నాన్న నిలబడే చోటే నిలబడింది.

"ఎనక్కి వాలవే! ఈ నీళ్ళని నమ్మకు, లాగు!"

"నమ్మట్లేదు మావా! అందుకే లాగుతున్నాను!"

పట్నం మడమలు, రెండడుగులకే తోలు లేచింది. అయినా వదల్లేదు. దిబ్బ పైదాకా వచ్చి, తాడు వదిలి, వంగి తన గుంట చూసుకుంది. లోతు లేదు, వంకరగా ఉంది.

ఎక్కణ్ణుంచి వచ్చాడో కరణంగారు వచ్చాడు. నాలుగడుగులు, ఆగాడు. నాలుగడుగులు, ఆగాడు. గుంట అంచున నిలబడి అటు చూశాడు, ఇటు చూశాడు.

దిగాడు.

"కదలకు మావా" అంది రత్నం గుసగుసగా.

"నానెక్కడికి కదుల్తానే" అన్నాను.